పేరు లేని జవాబు కోసం ఆగిన ఇంజను

పత్తి సీజనులో విజయవాడ రోడ్డు పక్కన కాపురముండే తిరువూరువాళ్ళకు గడియారం అక్కర్లేదనేవారు. పొద్దున్నే జగన్నాథరావుగారి జిన్నింగు మిల్లులోంచి పేర్లు వినిపించేవి. ఒక ఆడగొంతు "నాగేంద్రమ్మ పైనే!" అని అరిచేది. ఇంకో గొంతు "పిచ్చమ్మ పైనే!" అనేది. అలా ఒకదాని వెనక ఒకటి రేకుల కప్పు కింద మోగి రోడ్డు దాకా వచ్చేవి. చివరి గొంతు ఆగాక కాస్త నిశ్శబ్దం. తర్వాత భూమి లోపల ఎవరో కోటతలుపు మూసినట్టు ఒక్క చప్పుడు. ఇంజను లేచేది. ఎదురుగా టీకొట్టు బల్ల మీద గ్లాసులు వణికేవి.

బస్సు దిగిన కొత్తవాళ్ళు ఆ కేకలు విని, "ఏంటండీ, బడా అది?" అని అడిగేవారు.

"బడే," అనేవాడు టీకొట్టాయన. "కాకపోతే ఆ బడిలో ఎవడి హాజరు వాడు చెప్పుకోకూడదు. పక్కవాడు చెప్పాలి."

ఆ పద్ధతి పెట్టింది ఇంజను డ్రైవరు దశరథరామయ్య. అతనిది ఎ.కొండూరు పక్కన మెట్టసేద్యం చేసుకునే కుటుంబం. అన్నలిద్దరికీ సరిపోయే పొలంలో మూడోవాడిగా పుట్టాడు. చదువు హైస్కూలు మధ్యలో ఆగింది. మేనమామ అతన్ని గుంటూరు తీసుకెళ్ళి ఒక పత్తి మిల్లులో ఇంజను తుడిచే పనిలో పెట్టాడు. మొదటిసారి ఇంజను తిరగడం చూసినప్పుడు చేతిలో గుడ్డ పట్టుకుని అలాగే నిలబడిపోయానని తర్వాత చెప్పుకునేవాడు. మనిషికంటే ఎత్తయిన ఇనపచక్రం, సగం నేలలోని గుంటలో, సగం పైన. అంత బరువు ముందు బద్ధకంగా కదిలి, ఊపందుకుని, ఆకులు కనిపించనంత వేగంతో తిరుగుతుంటే నేల గుండెలాగా కొట్టుకుంటుంది. నూనె ఆపేసినా ఆ చక్రం వెంటనే ఆగదు. తనకు ఇష్టమొచ్చినంతసేపు తిరిగిగానీ నిలబడదు. పొరపాటైందని తెలిసినా వెనక్కి పిలవలేని బలం అది.

ఆ గుంటూరు మిల్లులోనే అతను ఇంకొకటి చూశాడు. పత్తి మిల్లులో గింజను, దూదిని విడదీసే జిన్నులు వరసగా నేల మీద ఉంటాయి. వాటిని తిప్పే షాఫ్టు మాత్రం నేల కింద సొరంగంలాంటి సందులో ఈ చివర నుంచి ఆ చివరకు పోతుంది. ఇంజను లేస్తే షాఫ్టు లేస్తుంది, షాఫ్టుకు తగిలించిన బెల్టులన్నీ లేస్తాయి. షాఫ్టుకు నూనె పోయడానికి, జారిన బెల్టులు ఎక్కించడానికి మనుషులు ఆ సందులోకి దిగాలి. ఇంజను గదిలో ఉన్న డ్రైవరుకు వాళ్ళు కనిపించరు. ఒకనాడు గుంటూరు డ్రైవరు, "అందరూ పైకొచ్చారా?" అని కేకేశాడు. "వచ్చారు!" అని చాలా గొంతులు పలికాయి. ఇంజను లేచింది. ఒకడు పైకి రాలేదు.

పోలీసులు వచ్చారు, వెళ్ళారు. దశరథరామయ్య మాత్రం మనసు ఊరుకోక, వచ్చారని చెప్పినవాళ్ళను ఒక్కొక్కళ్ళనే అడిగాడు. "నువ్వు చూశావా?" ఎవరూ చూడలేదు. పక్కవాడు అన్నాడు కాబట్టి అన్నారు. ఆ పక్కవాడూ అంతే. ఎవరూ అబద్ధం చెప్పలేదు. తన కళ్ళతో చూసి చెప్పిన మనిషి మాత్రం ఆ మిల్లులో ఒక్కడూ లేడు.

తిరువూరులో జగన్నాథరావుగారు మిల్లు కట్టించి, పాత ఇంజను ఒకటి కొని తెచ్చి, దాన్ని నడపడానికి మనిషికోసం వెతికే నాటికి దశరథరామయ్యకు పెళ్ళయి, చెవుల దగ్గర వెంట్రుక తెల్లబడుతోంది. అతను పనిలో చేరుతూనే ఒక కోరిక కోరాడు. ఇంజను లేపే ముందు వారం రోజులు గడువు కావాలన్నాడు.

"వారం రోజులూ ఏం చేస్తావు?" అన్నారు జగన్నాథరావు. పొలం నుంచి వ్యాపారంలోకి వచ్చిన మనిషి. నోరు దురుసు, మనసు అంత కాదు.

"కూర్చుంటానండి."

నిజంగానే కూర్చున్నాడు. జిన్నుల దగ్గర కొంతసేపు, దూది గదిలో కొంతసేపు, బేళ్ళు కట్టే చోట కొంతసేపు. కింది సందులోకి దిగి, టార్చి ఆర్పేసి, చీకట్లో ఊరికే కూర్చున్నాడు. అక్కణ్ణుంచి అరిస్తే పైకి వినపడుతుందా? వినపడదు. పైనుంచి అరిస్తే కిందికి? మూత తెరిచి ఉంటేనే. పనివాళ్ళు ఆ సందుకు అప్పటికే పాతాళమని పేరు పెట్టారు. కాసేపట్లో పైకొచ్చిన డ్రైవరుగారి ముఖం చూసి ఎవరూ నవ్వలేదు.

తర్వాత ప్రతి మనిషి దగ్గరకూ వెళ్ళి ఒకటే ప్రశ్న అడిగాడు. "ఇక్కడ నీకు ఏమంటే భయం?"

"నాకు మా కోడలంటే భయం డ్రైవరుగారూ," అంది పిచ్చమ్మ. జిన్నుల దగ్గర పనిచేసే ఆడవాళ్ళలో పెద్దది. "దాన్నిగూడా ఆ పాతాళంలో పెట్టి మూతేస్తారా?"

ఆడవాళ్ళంతా ఘొల్లుమన్నారు. దశరథరామయ్య నవ్వలేదు, కదల్లేదు. నవ్వులు తగ్గాక పిచ్చమ్మే మళ్ళీ అంది. "ఆ బెల్టు పక్కకెళ్తే కొంగు దానంతటదే ఎగురుద్దండీ. ఎవరో లాగినట్టే ఉంటది."

మర్నాటి నుంచి ఆడవాళ్ళందరికీ చీర మీద పాత మగచొక్కాలు వచ్చాయి. పత్తిలో రాయి ఉంటే జిన్నులో నిప్పురవ్వ పుడుతుందని ఇంకొకళ్ళు చెప్పారు. పత్తిని ముందు పలచగా పరిచి, చేత్తో ఏరి, ఆ తర్వాతే జిన్నులోకి వెయ్యాలన్న నియమం వచ్చింది. బీడీ గేటు బయట. లాంతరు ఎక్కడా వద్దు, పాతాళంలోకి టార్చిలైటే.

"భయాన్ని జీతమిచ్చి పెంచుకుంటున్నట్టుందయ్యా నాకు," అన్నారు జగన్నాథరావు.

"అన్నీ ఒకటి కాదండి," అన్నాడు దశరథరామయ్య. "కాలు జారి పడ్డవాడు రేపు మళ్ళీ పనికొస్తాడు. అది నెలకోసారి జరిగినా భరించొచ్చు. కింద మనిషుండగా ఇంజను లేచిందంటే వాడికి రేపు లేదు. జన్మకోసారి జరిగేదైనా సరే, ముందు దానికే అడ్డం కట్టాలి."

అలా పుట్టాయి ఆ పేర్లు. ఎవరూ తన గురించి తాను చెప్పకూడదు. తను ఉన్నచోటు నుంచి ఎవరు కనిపిస్తారో ఆ ఒక్కరి పేరే చెప్పాలి. అన్ని పేర్లూ వినపడ్డాకే ఇంజను. ఇంజను గదికీ జిన్నుల గదికీ మధ్య గోడ ఉంది. దూది నూగు ఇంజను మీద పడకుండా కట్టిన గోడ అది. దానిలో ఎత్తున ఒక చిన్న కిటికీ. అందులోంచి మనుషులు కనిపించరు, గొంతులే వస్తాయి. దశరథరామయ్య గాలి వాల్వు మీద చెయ్యి పెట్టుకుని, కిటికీ వైపు తల ఎత్తి వినేవాడు. అంత ఇనుమునూ నోటిమాటలు ఆపి ఉంచుతున్నాయనుకుంటే అతనికి ప్రతి ఉదయం ఒళ్ళు జలదరించేది. ఆఖరి పేరు వినపడగానే వాల్వు తిప్పేవాడు. ఇనప సీసాలో బిగించి ఉంచిన గాలి ఒక్క ఉదుటున ఇంజనులోకి దూకి చక్రాన్ని తోసేది.

ఇంట్లో అతని భార్య శివపార్వతికి మాత్రం ఇదంతా వేళాకోళం. ఏ కొత్త ఇంటికి వెళ్ళినా అతను పంకా కొక్కెం చూడందే దాని కింద కూర్చోడు. నెమలి ఊళ్ళో వేణుగోపాలస్వామి కల్యాణానికి తీసుకెళ్తే, జనం తోసుకుంటే ఎటు పోవాలా అని ముందు దారులు చూసేవాడు. "స్వామి ఇటున్నాడండీ," అనేది ఆవిడ. "ముందు ఇటు దణ్ణం పెట్టి, ఆ తర్వాత గోడలకు పెట్టండి."

పేర్ల పద్ధతిలో మొదటి రోజే ఒక చిక్కు వచ్చింది. పాతాళంలోకి దిగేవాళ్ళు ఇద్దరు. ఒకడు ఏసోబు, పెళ్ళికాని కుర్రవాడు, హడావుడి మనిషి. రెండోవాడు జోజప్ప, నిదానస్తుడు. పాతాళం మూతకు దగ్గర్లో ఉన్న జిన్నులు రెండు. ఒకదాని దగ్గర పిచ్చమ్మ, రెండో దాని దగ్గర జోజప్ప భార్య అంతోనమ్మ. ఏసోబు మాట పిచ్చమ్మ చెప్పాలి, జోజప్ప మాట అంతోనమ్మ చెప్పాలి. అంతోనమ్మ వంతు వచ్చింది. మాట లేదు.

"చెప్పవే!" అంది పిచ్చమ్మ. "మొగుడి పేరు చెప్తే నాలిక ఊడిపడదులే."

"చెప్పను పిన్నీ."

"మరి పెళ్ళినాడు గుళ్ళో అందరిముందూ చెప్పావు గదే, జోజప్పను నేను చేసుకుంటానని? నేనూ వచ్చాను, ఈ చెవులతో విన్నాను."

"అది ఫాదరుగారు ముందనిస్తే వెనక అన్నాను," అంది అంతోనమ్మ. "దేవుడి ముందు ఒక్కసారి. మళ్ళీ అనను."

మిల్లంతా నవ్వింది. జోజప్ప సిగ్గుపడి నూనెడబ్బా తీసుకుని బయటికి పోయాడు. దశరథరామయ్య ఇంజను గది నుంచి వచ్చి, పోనీ ఇద్దరినీ తారుమారు చేద్దామన్నాడు. జోజప్ప మాట పిచ్చమ్మ, ఏసోబు మాట అంతోనమ్మ చెప్పేట్టు. అంతోనమ్మ దానికీ ఒప్పుకోలేదు. "మా ఇంటాయన సంగతి నేను చెప్తానండి. ఇంకొకళ్ళ నోట పెట్టను," అంది. గొంతు పెంచలేదు, తల మాత్రం అడ్డంగా ఊపింది. చివరికి ఆమెకు వచ్చిన మాటే ఖాయమైంది. "మా ఇంటాయన పైనే." అదే ఆఖరి జవాబు.

దశరథరామయ్యకు అది మనసులో ముల్లులాగే ఉండిపోయింది. అన్నీ పేర్లయిన చోట ఒకటి పేరు కాదు. పైగా ఆ ఆఖరి జవాబు రోజూ ఆలస్యంగా వచ్చేది. మిగతా పేర్లు తాడు లాగినట్టు గబగబా వచ్చేసేవి. అవయ్యాక ఒక ఖాళీ. ఆ ఖాళీలో అతని చెయ్యి వాల్వు మీద చెమటపట్టేది. ఆ తర్వాత తీరిగ్గా, "మా ఇంటాయన పైనే." అంతమంది ముందు మొగుడి ఊసెత్తడానికి సిగ్గుపడుతోందనుకునేవాడు. ఏళ్ళు గడిచినా సిగ్గు తగ్గకపోవడం వింతే అనుకుని సరిపెట్టుకునేవాడు. తను కట్టిన అడ్డంలో బలహీనమైన చోటు ఏదని ఎవరైనా అడిగితే ఆ ఖాళీనే చూపించేవాడు.

డెబ్భై నాలుగు డిసెంబరు. ఆ ఏడు సంకరం పత్తి విరగకాసింది. గంపలగూడెం వైపు నుంచి, నెమలి వైపు నుంచి వచ్చిన బళ్ళు మిల్లు ఆవరణ నిండి, గేటు దాటి, రోడ్డు మీద వరస కట్టాయి. ఆకాశం పొద్దుటి నుంచే మసకబారి ఉంది. మధ్యాహ్నానికి గాలి చల్లబడింది. తడిసిన పత్తికి జిన్నులో చోటు లేదు. కుప్పగా పోస్తే లోపల వేడెక్కి రంగు మారిపోతుంది. రైతులు బళ్ళ మీద నిలబడి ఆకాశాన్నీ మిల్లునూ మార్చి మార్చి చూస్తున్నారు.

సరిగ్గా అప్పుడే పాతాళంలో ఒక బెల్టు జారింది. జిన్నులు కొన్ని ఆగాయి. దశరథరామయ్య ఇంజను ఆపాడు. చక్రం దాని మానాన అది తిరిగి తిరిగి నిలబడింది. జోజప్పా ఏసోబూ టార్చిలు పట్టుకుని మూత ఎత్తి దిగారు. బయట రైతుల కేకలు ఎక్కువయ్యాయి. "ఏమైందండీ? ఇంజనుకు గూడా జలుబు చేసిందా?" అని ఒకడు. "మా పత్తి ఉతికి ఆరేసి తీసుకుంటారా ఏంటి?" అని ఇంకొకడు. జగన్నాథరావు వాకిట్లో నిలబడి అందరికీ సమాధానం చెప్పలేక గొంతు చించుకుంటున్నారు.

బెల్టు ఎక్కింది. పేర్లు మొదలయ్యాయి. ఆ రోజు అవి ఎన్నడూ లేనంత వేగంగా వచ్చాయి. ఒక పేరు పూర్తికాకముందే ఇంకో పేరు. "నాగేంద్రమ్మ పైనే! పిచ్చమ్మ పైనే! ఏసోబు పైనే!" దశరథరామయ్య వాల్వు పట్టుకున్నాడు. ఇంజను వేడిగానే ఉంది. వేలితో తోస్తే చాలు, లేస్తుంది.

ఆఖరి జవాబు రాలేదు.

రోజూ ఉండే ఖాళీయే అనుకున్నాడు. ఆ ఖాళీ రోజూ ఉండేదానికంటే పొడుగైంది. రేకుల మీద మొదటి చినుకులు టపటపా పడ్డాయి. జగన్నాథరావు ఇంజను గదిలోకి దూసుకొచ్చారు.

"రామయ్యా! వాన మొదలైంది. ఇంకా ఏం చూస్తున్నావు?"

"ఒక మాట రాలేదండి."

"ఎవరిది?"

"అంతోనమ్మది."

"జోజప్ప వాకిట్లో నిలబడి చేతులు తుడుచుకుంటున్నాడయ్యా! ఇప్పుడే నా కళ్ళతో చూసి వస్తున్నాను. వాడు పైనున్నాడా లేదా అనేగా నీ గొడవ?"

"అవునండి."

"ఉన్నాడు. తిప్పు."

దశరథరామయ్య ఆలోచించాడు. రావుగారు చెప్పేది నిజం. అబద్ధమాడే మనిషి కాదు. పేర్లన్నీ వచ్చాయి. రాని ఒక్క మాట ఎవరి గురించో ఆ మనిషి వాకిట్లో ఉన్నాడు. ఇంకా ఎవరికోసం ఆగాలి? తను పెట్టిన నియమం ఏ పని కోసమో ఆ పని అయిపోయింది. బయట తడుస్తున్నది ఏడాదంతా రైతులు పడ్డ కష్టం. లెక్కంతా ఒకవైపే మొగ్గింది. అయినా చెయ్యి వాల్వును తిప్పలేదు. గుంటూరులోనూ ఆ రోజు ఎవరూ అబద్ధమాడలేదు.

"మీరు చూశారండి. ఆవిడ చెప్పలేదు," అన్నాడు.

"ఆవిడకు సిగ్గు పోయేదాకా ఆ పత్తంతా తడవాలా?"

"తడవాలండి."

ఆ మాట తన నోటినుంచే వచ్చిందని తెలిసి దశరథరామయ్యకు భయం వేసింది. జగన్నాథరావు ముఖం కందగడ్డయింది. "జరుగు. నేను తిప్పుతాను," అని ముందుకొచ్చారు. దశరథరామయ్య వాల్వుకు వీపు ఆనించి నిలబడ్డాడు.

"రేపట్నుంచి నువ్వు రానక్కర్లేదు," అన్నారు జగన్నాథరావు.

"సరేనండి. ఇవాళ్టికి ఉన్నాను కదా."

ఇద్దరూ అలా ఎదురెదురుగా ఉండగా గోడ అవతల చెక్క మూత దడాలున నేలకు కొట్టుకున్న చప్పుడైంది. దాని వెంటనే అంతోనమ్మ గొంతు, ఎప్పుడూ లేనంత గట్టిగా. "ముందు పైకి రా అన్నా! అవన్నీ తర్వాత! పైకి రా!"

ఆ వెనకే ఏసోబు గొంతు. "పానా మర్చిపోయాను చెల్లే, అక్కడ షాఫ్టు పక్కనే పెట్టాను. తీసుకుందామని దిగాను. ఏమైందిప్పుడు?"

ఆ తర్వాత పిచ్చమ్మ గొంతు. అది అరుపో ఏడుపో తెలియలేదు. "నేను పైనే అన్నాను గదరా నాయనా! నువ్వు పైనే అని అరిచాను గదరా!"

వాన జోరందుకుంది. ఇంజను గదిలో జగన్నాథరావు అక్కడున్న నూనెడ్రమ్ము మీద నెమ్మదిగా కూర్చున్నారు. ఆయన చూపు చక్రం మీద ఉంది. అది కదలకుండా, తనకేమీ పట్టనట్టు, గుంటలో సగం మునిగి నిలబడి ఉంది. దశరథరామయ్య కూడా దాన్నే చూశాడు. ఇన్నేళ్ళుగా తుడిచి, నూనె పోసి, తన చేత్తో లేపిన ఇనుము. ఒక్క వేలిదూరంలో ఆగింది. దాన్ని ఆపింది గాలి వాల్వు కాదు, గోడ కాదు, తన నియమం కూడా కాదు. ఒక మనిషి పలకకపోవడం ఆపింది.

అప్పుడు కిటికీలోంచి, రోజూ వచ్చే తీరులోనే, నిదానంగా వచ్చింది ఆ జవాబు. "మా ఇంటాయన పైనే."

ఇంజను వెంటనే లేవలేదు. దశరథరామయ్య వాల్వు వదిలి బయటికొచ్చాడు. ఆడవాళ్ళూ మగవాళ్ళూ వానలోకి పరుగెత్తి, దొరికిన టార్పాలిన్లన్నీ లాగి బళ్ళ మీద కప్పారు. జగన్నాథరావు కూడా పంచె ఎగ్గట్టి ఒక కొస పట్టుకున్నారు. కొంత పత్తి తడిసింది, ఎక్కువ దక్కింది. రేపట్నుంచి రావద్దన్న మాట ఎవరూ మళ్ళీ ఎత్తలేదు.

వాన తగ్గాక దశరథరామయ్య అంతోనమ్మ దగ్గరకు వెళ్ళాడు. ఏసోబు కింద ఉన్నాడని నీకెలా తెలుసని అడిగాడు.

"నాకేం తెలుసండీ," అంది ఆమె. "నేను పేరు చెప్పలేనుగా. మిగతావాళ్ళలాగా పేరు పెట్టి, పైకొచ్చావా అని అక్కణ్ణుంచే ఒక కేకేస్తే అయిపోయేది కాదు నాకు. మా ఇంటాయన సంగతి చెప్పాలంటే ముందు చూడాలిగదా. అందుకని రోజూ మూత దగ్గరకెళ్ళి లోపలికి వంగి చూస్తాను. కింద చీకటిగా ఉంటే వెనక్కి వచ్చి చెప్తాను. ఇవాళ చూస్తే కింద టార్చి వెలుగు కదులుతోంది. మా ఇంటాయన టార్చేమో ఆయన చంకలోనే ఉంది. మరి ఇదెవరిది? తల లోపలికి పెట్టి పిలిచాను. పైకి వినపడి ఉండదు."

"రోజూ వెళ్ళి చూస్తావా?"

"రోజూనండి. ఆలస్యం చేస్తున్నానని మీరు విసుక్కునేవాళ్ళు గదా, పిచ్చమ్మ పిన్ని చెప్పింది."

ఆ ఖాళీ సిగ్గు కాదు. ఒక మనిషి మూత దాకా నడిచి, వంగి, చీకట్లోకి చూసి, తిరిగి వచ్చే సమయం అది. తను కట్టిన అడ్డం మొత్తంలో గట్టిగా ఉన్న ఒకే ఒక్క చోటును ఇన్నాళ్ళూ బీటగా లెక్కేసుకున్నాడు. మిగతా పేర్లన్నీ నోటికి అలవాటైపోయాయి. పెట్టిన కొత్తలో అవి చూసి చెప్పినవే. ఎప్పుడు చూడటం మానేశారో చెప్పినవాళ్ళకే తెలియదు.

పిచ్చమ్మ ఓ మూల కూర్చుని చొక్కా చేతితో కళ్ళు తుడుచుకుంటోంది. "నేను చూశానండి," అంది అతన్ని చూసి. "ముందొకసారి పైకొచ్చాడు. వచ్చినప్పుడు చూశాను. అందుకే అన్నాను."

"అన్నప్పుడు నిజమే పిచ్చమ్మక్కా," అన్నాడు దశరథరామయ్య. "నువ్వు అన్న తర్వాత వాడు మళ్ళీ దిగాడు. చెప్పిన మాటకూ నేను వాల్వు తిప్పడానికీ మధ్య ఇంత సందు ఉందని నేనే అనుకోలేదు."

సాయంత్రం ఇంటికెళ్ళి జరిగింది చెప్తుంటే శివపార్వతి బియ్యం ఏరుతూ విన్నది. ఏసోబు పైకి వచ్చిన చోట ఆమె చెయ్యి ఆగింది. అంతా విని, మళ్ళీ ఏరడం మొదలుపెట్టింది.

"ఇందులో మీకంత వింతేముంది?" అంది. "పేరు పెట్టి పిలిచేవాళ్ళు వాకిట్లోంచే పిలుస్తారు. పేరు నోట రానివాళ్ళు ఎంత దూరమైనా దగ్గరకొచ్చి నిలబడాలి. మీరు చెరువుగట్టు మీద ఉన్నా, పొలంలో ఉన్నా, ఇన్నేళ్ళూ నేను నడిచి రాలేదూ?"

దశరథరామయ్య ఆమె వైపు చూశాడు. పెళ్ళయిన నాటి నుంచి ఆవిడ తన పేరు పలకగా వినలేదు. అన్నం చల్లారుతోందని చెప్పడానికి వచ్చినప్పుడు, చుట్టాలొచ్చారని చెప్పడానికి వచ్చినప్పుడు, ప్రతిసారీ ముందు ఆమె అడుగుల చప్పుడు వచ్చేది, తర్వాత "ఏవండీ" అన్న మాట. అంత నడక నడిచిందని అతనికి అంతవరకు తట్టలేదు.

మర్నాడు మిల్లులో అందరినీ కూర్చోబెట్టాడు. పేర్లు ఉంటాయన్నాడు. కానీ ఎవరి పేరు చెప్తున్నారో ఆ మనిషిని ముఖం తిప్పి చూసి, చూస్తూ ఉండగానే చెప్పాలి. అందరి పేర్లూ అయ్యాక అంతోనమ్మ పాతాళంలోకి చూసి, మూత వేసి, దాని మీద కూర్చుని తన జవాబు చెప్పాలి. ఆమె కూర్చున్న మూత ఎత్తి ఎవరూ దిగలేరు. ఆమె మాటకూ వాల్వుకూ మధ్య ఇక సందు లేదు.

"సింహాసనం వచ్చిందే నీకు," అంది పిచ్చమ్మ. గొంతులో పాత వేళాకోళం ఇంకా పూర్తిగా తిరిగి రాలేదు. "ఇంతకీ ఇప్పుడైనా పేరు చెప్తావా?"

"చెప్పను పిన్నీ."

"వద్దు," అన్నాడు దశరథరామయ్య. అందరూ అతని వైపు చూశారు. "ఆవిడ ఎట్లా చెప్తుందో అట్లాగే చెప్పనివ్వండి."

జగన్నాథరావు గుమ్మంలో నిలబడి అంతా విన్నారు. పోతూ పోతూ, "ఆవిడ కూర్చోడానికి ఆ మూత మీద ఒక గోనెసంచి వేయించండయ్యా," అన్నారు.

దశరథరామయ్య ఇంజను గదిలోకి వెళ్ళాడు. వాల్వు మీద చెయ్యి పెట్టి, కిటికీ వైపు తల ఎత్తాడు.

"నాగేంద్రమ్మ పైనే." తర్వాత ఖాళీ. "పిచ్చమ్మ పైనే." మళ్ళీ ఖాళీ. టీకొట్టు దగ్గర జనం ఇవాళ మిల్లు నత్తనడక నడుస్తోందని నవ్వుకుని ఉంటారు. గోడ అవతల ఏం జరుగుతోందో అతనికి ఎప్పటిలాగే కనిపించదు. కానీ ప్రతి పేరుకు ముందు ఆ ఖాళీలో ఒక తల తిరుగుతోంది, ఒక మనిషి ఇంకో మనిషిని చూస్తోంది. ఇన్నాళ్ళూ మాటలే విన్నాడు. ఇవాళ మొదటిసారి ఆ ఖాళీలు విన్నాడు. "ఏసోబు పైనే." ఆ పేరుకు ముందు పిచ్చమ్మ ఖాళీ ఇంకాస్త పొడుగైంది.

తర్వాత అన్నింటికంటే పొడుగైన నిశ్శబ్దం. అడుగుల చప్పుడు. చెక్క మూత పడిన చప్పుడు. మనిషి దాని మీద కూర్చున్నప్పుడు పలక కిర్రుమన్న చప్పుడు.

"మా ఇంటాయన పైనే."

దశరథరామయ్య వాల్వు తిప్పాడు.